రెట్ల లెక్కల్లో ‘కి’ ఎక్కడుందో చూడండి

“రెండు సంఖ్యల మొత్తం 85. పెద్దది చిన్నదానికి 4 రెట్లు. ఆ సంఖ్యలేవి?” ఇలాంటి లెక్కల్లో పిల్లలు తడబడేది కూడిక దగ్గరో భాగహారం దగ్గరో కాదు. వాక్యాన్ని సమీకరణంగా మార్చే ఒక్క మెట్టు దగ్గర కాలు జారుతుంది. దేనితో దేన్ని కొలుస్తున్నారో తేలితే మిగతాది రెండు నిమిషాల పని. అది తేలకపోతే ఎంత జాగ్రత్తగా లెక్క కట్టినా వచ్చేది తప్పు జవాబే.

ఈ మెట్టు దగ్గర తెలుగు మనకు పెద్ద సాయం చేస్తుంది. పోలిక దేనితో అన్న సంగతిని విభక్తే చెప్పేస్తుంది. “పెద్దది చిన్నదానికి 4 రెట్లు” అన్నప్పుడు ‘కి’ అంటుకున్నది చిన్నదానికి. అంటే కొలబద్ద చిన్నది, కొలవబడుతున్నది పెద్దది. ‘కి’, ‘కు’, ‘కంటే’ ఏ మాటకు అంటుకుంటే ఆ మాటే ఆధారం. సగం, మూడో వంతు లాంటి భాగాలు చెప్పేటప్పుడు ఆ పని ‘లో’ చేస్తుంది: “పెద్దదానిలో మూడో వంతు” అంటే ఆధారం పెద్దది. లెక్క చదవగానే ఆ మాట కింద గీత గీసి, పక్కన తెలియని సంఖ్య గుర్తు రాయండి. మిగతా సంఖ్యలన్నీ ఆ గుర్తుతోనే చెప్పాలి.

ఇక్కడ ఆ గుర్తుగా ‘య’ వాడుతున్నాం. 12వ శతాబ్దపు భాస్కరాచార్యుడు తెలియని రాశిని ‘యావత్తావత్’ అన్నాడు. ఎంతో అంత అని దాని అర్థం. రాతలో దాన్ని ‘యా’ అని కుదించేవారు. బడిలో అలవాటైన అక్షరం ఏదైనా వాడుకోండి, పద్ధతి మారదు.

వాటాలుగా చూడటం

పై లెక్కలో చిన్నది య. పెద్దది 4య. రెండూ కలిపితే 5య = 85, కాబట్టి య = 17. సంఖ్యలు 17, 68.

ఇక్కడ ఎక్కువగా జరిగే తప్పు, 4 రెట్లు అన్న మాట కనబడగానే 85ని 4తో భాగించడం. 21.25 వస్తుంది. అలా చేసినవాళ్లు చిన్న సంఖ్య కూడా ఒక వాటా అన్న సంగతి మరిచిపోయారు. కాగితం మీద చిన్నదానికి ఒక గడి, పెద్దదానికి అదే కొలతవి నాలుగు గళ్లు గీస్తే ఈ తప్పు జరగదు. అయిదు గళ్లు కంటి ముందుంటాయి.

మొత్తానికి బదులు తేడా ఇచ్చారనుకోండి: “పెద్దది చిన్నదానికి 4 రెట్లు, తేడా 51.” అవే గళ్లను ఒకదాని కింద ఒకటి పెట్టి చూడండి. పెద్దదానిలో ఒక గడి చిన్నదానితో సరిపోతుంది, మూడు మిగులుతాయి. 3య = 51, య = 17. మళ్లీ 17, 68 వచ్చాయి. మొత్తమైతే రెట్లకు ఒకటి కలిపి, తేడా అయితే ఒకటి తీసేసి భాగించాలని కొందరు సూత్రంలా బట్టీ పెడతారు. రెండు సంఖ్యలున్నంతవరకు అది పనిచేస్తుంది. మూడో సంఖ్య రాగానే కూలిపోతుంది. గళ్ల బొమ్మ కూలదు.

లబ్ధం ఇచ్చినా ఆరంభం ఇదే. ఒకటి మరోదానికి 3 రెట్లు, లబ్ధం 432 అంటే య × 3య = 432, అంటే య వర్గం 144. ఇక్కడ 3య అని కాక య వర్గానికి 3 రెట్లు అని రాయాలి, ఆ వర్గం తరచూ జారిపోతుంది. జవాబు 12, 36. లెక్కలో ధన సంఖ్యలని చెప్పకపోతే –12, –36 కూడా జవాబే.

గొలుసు లెక్కలు

“మూడు సంఖ్యల మొత్తం 108. రెండోది మొదటిదానికి 2 రెట్లు. మూడోది రెండోదానికి 3 రెట్లు.”

మొదటిది య, రెండోది 2య. మూడోదాని దగ్గర ఆగండి. ‘కి’ ఈసారి రెండోదానికి అంటుకుంది. కాబట్టి మూడోది 3 × 2య, అంటే 6య. మొత్తం 9య = 108, య = 12. సంఖ్యలు 12, 24, 72.

తొందరపడి మూడోదాన్ని 3య అని రాస్తే 6య = 108 అవుతుంది. య = 18, సంఖ్యలు 18, 36, 54. వీటి మొత్తం కూడా 108! మొత్తం ఒక్కటే సరిచూసుకునేవాళ్లకు ఈ తప్పు ఎప్పటికీ దొరకదు. 54, 36కు 3 రెట్లు కాదని చూస్తేనే దొరుకుతుంది. సరిచూడటమంటే లెక్కలోని ప్రతి వాక్యంతోనూ సరిచూడటం. మీరు రాసిన సమీకరణంలో విలువ పెట్టి చూసుకోవడం సరిపోదు, ఎందుకంటే సమీకరణమే తప్పయితే తప్పు జవాబు దానికి చక్కగా అతుకుతుంది.

ఒక వాక్యం పేరుకు, ఒక వాక్యం సమీకరణానికి

రెండు తెలియని సంఖ్యలు ఉన్న లెక్కలో సాధారణంగా రెండు సంగతులు చెబుతారు. ఒక దానితో సంఖ్యలకు పేర్లు పెట్టాలి, రెండో దానితో సమీకరణం రాయాలి. ఒకే వాక్యాన్ని రెండు పనులకూ వాడితే ఏమవుతుందో చూడండి. “పెద్దది చిన్నదానికి 4 రెట్లు” నుంచి య, 4య అని పేర్లు పెట్టి, మళ్లీ అదే వాక్యంతో సమీకరణం రాస్తే 4య = 4య. ఇది ఎప్పుడూ నిజమే, కానీ య గురించి ఏమీ చెప్పదు. సమీకరణం ఇలా 0 = 0గా కరిగిపోతే రెండో వాక్యాన్ని ఇంకా వాడలేదన్నమాట.

రెండు వాక్యాల్లోనూ పోలికలే ఉన్న లెక్కలు కష్టంగా కనిపిస్తాయి గానీ దారి ఇదే. “మొదటి సంఖ్యకు 7 కలిపితే అది రెండోదానికి 3 రెట్లవుతుంది. రెండో సంఖ్యకు 7 కలిపితే అది మొదటిదానిలో సగమవుతుంది.” మొదటి వాక్యంలో రెట్ల ముందున్న ‘కి’ రెండోదానికి అంటుకుంది. దాన్ని య అనండి. 7 కలిపాక మొదటిది 3య అవుతోంది కాబట్టి, కలపకముందు అది 3య – 7. మొదటి వాక్యం పని అయిపోయింది. రెండో వాక్యం: య + 7 అన్నది 3య – 7లో సగం. భిన్నం రాయకుండా తిప్పి చెబితే, 3య – 7 అన్నది య + 7కు రెట్టింపు.

3య – 7 = 2(య + 7)
3య – 7 = 2య + 14
య = 21

రెండోది 21, మొదటిది 56. సరిచూద్దాం. 56 + 7 = 63, అది 21కి 3 రెట్లు. 21 + 7 = 28, అది 56లో సగం.

ఎక్కువ, తక్కువ తోడైనప్పుడు

“పెద్దది చిన్నదానికి 3 రెట్ల కంటే 7 ఎక్కువ. మొత్తం 75.” ఇందులో రెండు మెట్లున్నాయి. ముందు రెట్లు (3య), తర్వాత దాని కంటే 7 ఎక్కువ (3య + 7). మొత్తం 4య + 7 = 75, 4య = 68, య = 17. పెద్దది 58.

ఇప్పుడు ఒక్క మాట అటూ ఇటూ చేసి చూడండి. “చిన్నదానికి 7 కలిపి, వచ్చినదాన్ని 3 రెట్లు చేస్తే పెద్దది వస్తుంది. మొత్తం 75.” ఇక్కడ కలపడం ముందు, రెట్లు తర్వాత. కాబట్టి 3(య + 7). మొత్తం 4య + 21 = 75, య = 13.5, పెద్దది 61.5. పూర్ణ సంఖ్య రాలేదని కంగారు పడనక్కర్లేదు, లెక్కలో పూర్ణ సంఖ్యలని అనలేదు. 13.5 + 7 = 20.5, దానికి 3 రెట్లు 61.5, మొత్తం 75. జవాబు సరైనదే.

బ్రాకెట్ కావాలా వద్దా అన్న సందేహం వస్తే ఒక తేలికైన పరీక్ష ఉంది. య స్థానంలో 10 పెట్టి వాక్యాన్ని నోటితో చదవండి. “10కి 3 రెట్ల కంటే 7 ఎక్కువ” అంటే 37. “10కి 7 కలిపి 3 రెట్లు” అంటే 51. ఇప్పుడు మీరు రాసిన రాశిలో 10 పెట్టి అదే విలువ వస్తోందో లేదో చూడండి. 3య + 7 అయితే 37, 3(య + 7) అయితే 51. సమీకరణం విప్పకముందే తప్పు పట్టేసే పద్ధతి ఇది. పట్టేది పావు నిమిషమే.

‘తక్కువ’ దగ్గర తప్పులు మరీ ఎక్కువ. “ఒక సంఖ్యకు 5 రెట్లు, 60 కంటే 15 తక్కువ.” చాలామంది చదివిన వరుసలోనే రాసేస్తారు: 5య – 15 = 60. తప్పు. వాక్యం ప్రకారం తక్కువగా ఉన్నది 5య, ఎక్కువగా ఉన్నది 60. తక్కువైనదాని నుంచి ఇంకా తీసేస్తే తేడా మరింత పెరుగుతుంది, సమానం కాదు. 15ను తీయాల్సింది 60 నుంచి: 5య = 60 – 15, య = 9. సమీకరణం రాసేముందు రెండు వైపుల్లో ఏది పెద్దదని అడగండి. పెద్దదాని నుంచి తీయాలి, లేదా చిన్నదానికి కలపాలి. రెండు వైపులూ అప్పుడే సమానమవుతాయి.

అలాగే “3 రెట్ల నుంచి 7 తీసేస్తే” అంటే 3య – 7, “7 నుంచి 3 రెట్లు తీసేస్తే” అంటే 7 – 3య. ‘నుంచి’ అంటుకున్నదే ముందు రాయాలి.

‘రెట్లు ఎక్కువ’ అన్న మాట

“ఇది దానికి 3 రెట్లు” అంటే సందేహం లేదు. “దానికంటే 3 రెట్లు ఎక్కువ” అంటే మాత్రం చిక్కే. వాడుకలో చాలామంది దాన్ని 3 రెట్లు అన్న అర్థంలోనే అంటారు. అక్షరార్థం పట్టుకుంటే, అదీ కాక మరో 3 రెట్లు ఎక్కువ, అంటే 4 రెట్లు. లెక్క ఇచ్చేవాళ్లు ఈ మాట వాడకూడదు. వాడిన లెక్క చేతికొస్తే ముందు 3 రెట్లుగా తీసుకుని చేయండి, ఏ అర్థంలో తీసుకున్నారో జవాబులో ఒక ముక్క రాయండి. “3 రెట్లు తక్కువ” అన్నది ఇంకా అయోమయం. అక్కడ మూడో వంతు అనుకోవడం తప్ప దారి లేదు, ఎందుకంటే ధన సంఖ్య నుంచి దానికే 3 రెట్లు తీసేస్తే మిగిలేది రుణ సంఖ్య.

శాతాల్లో మాత్రం అక్షరార్థమే చెల్లుతుంది. 200 శాతం పెరిగింది అంటే ఉన్నది ఒక వాటా, పెరిగినవి రెండు వాటాలు, వెరసి 3 రెట్లు.

‘రెట్టింపు’, ‘రెండింతలు’, ‘2 రెట్లు’ మూడూ ఒకటే. ‘ఒకటిన్నర రెట్లు’ అని వస్తే ఆధారాన్ని య అనకుండా 2య అనండి, అప్పుడు రెండోది 3య అవుతుంది. దశాంశాలు రావు.

వంతులు వచ్చినప్పుడు

భిన్నాలంటే భయపడేవాళ్లకు ఒక వెసులుబాటుంది. ఆధారాన్ని య అనే తీరాలన్న నియమమేమీ లేదు. దాన్ని 3య అన్నా, 20య అన్నా తప్పు కాదు. హారం ఎంతో అన్ని వాటాలుగా ఆధారాన్ని ముందే కోసి పెట్టుకుంటే భిన్నాలు మాయమవుతాయి.

“చిన్నది పెద్దదానిలో మూడింట రెండు వంతులు, మొత్తం 95.” ‘లో’ పెద్దదానికి అంటుకుంది. దాన్ని 3య అనండి, చిన్నది 2య. 5య = 95, య = 19. సంఖ్యలు 57, 38. ఒక జాగ్రత్త: ఇక్కడ య అన్నది రెండు సంఖ్యల్లో ఏదీ కాదు, ఒక వాటా మాత్రమే. 19 అని రాసి లేచి వెళ్లిపోయేవాళ్లు చాలామంది.

గొలుసులో వంతులుంటే హారాలు రెండూ చూసుకోవాలి. “రెండోది మొదటిదానిలో ముప్పావు. మూడోది రెండోదానిలో అయిదింట రెండు వంతులు. మొత్తం 205.” మొదటిది 4తో తెగాలి, దానిలో ముప్పావు 5తో తెగాలి. 20 వాటాలు తీసుకుంటే రెండూ కుదురుతాయి. మొదటిది 20య, రెండోది 15య, మూడోది 6య. మొత్తం 41య = 205, య = 5. సంఖ్యలు 100, 75, 30. ఇదే లెక్కను మొదటిది య అని పెట్టి భిన్నాలతో చేస్తే జవాబు అదే వస్తుంది, కానీ క.సా.గు. (కనిష్ఠ సామాన్య గుణిజం, అంటే హారాలన్నిటితోనూ తెగే అతి చిన్న సంఖ్య) తీసేటప్పుడు ఒక పదాన్ని గుణించడం మరిచిపోయే ప్రమాదం ఉంది. భిన్నాల సమీకరణంలో ఎక్కువ మార్కులు పోయేది అక్కడే: రెండు వైపులా ఉన్న ప్రతి పదాన్నీ గుణించాలి, భిన్నం లేని పదాన్ని కూడా.

రెట్లు సమానమైతే సంఖ్యలు తారుమారు

“మొదటిదానికి 3 రెట్లు, రెండోదానికి 5 రెట్లు సమానం. మొత్తం 96.” చాలామంది వెంటనే 3య, 5య అని పెట్టేస్తారు. అది ఎందుకు తప్పో తెలిస్తే మళ్లీ అలా పెట్టరు. 3 రెట్లు చేస్తేనే సరిపోయిన సంఖ్య పెద్దది, 5 రెట్లు చేయాల్సి వచ్చినది చిన్నది. కాబట్టి మొదటిది 5య, రెండోది 3య. 8య = 96, య = 12, సంఖ్యలు 60, 36. రెండు వైపులా 180 వస్తుంది.

మూడు సంఖ్యలుంటే తారుమారు చేయడం కుదరదు, క.సా.గు. కావాలి. “మొదటిదానికి 2 రెట్లు, రెండోదానికి 3 రెట్లు, మూడోదానికి 4 రెట్లు సమానం, మొత్తం 91.” 2, 3, 4ల క.సా.గు. 12. ఆ సమాన విలువను 12య అనండి. మొదటిది 6య, రెండోది 4య, మూడోది 3య. 13య = 91, య = 7. సంఖ్యలు 42, 28, 21. మూడింటికీ 84 వస్తుంది.

ముందు ఇన్ని రెట్లు, తర్వాత అన్ని రెట్లు

ఈ రకమే అన్నిటిలోకీ లోతైనది, వయసుల లెక్కలన్నీ దీని కిందికే వస్తాయి. ఇక్కడ మొదట అడగాల్సిన ప్రశ్న ఒకటే: మార్పు జరిగాక మారకుండా మిగిలిందేమిటి?

రెండింటికీ ఒకే సంఖ్య కలిపితే తేడా మారదు. “ఒకటి మరోదానికి 4 రెట్లు. రెండింటికీ 12 కలిపితే రెట్టింపే అవుతుంది.” సమీకరణం 4య + 12 = 2(య + 12). విప్పితే 2య = 12, య = 6. సంఖ్యలు 24, 6; తర్వాత 36, 18. తప్పు ఎక్కడొస్తుందంటే, కుడివైపు 2య + 12 అని రాస్తారు. 12 కలిసినది చిన్న సంఖ్యకు, ఆ తర్వాత రెట్టింపు చేయాలి. కాబట్టి బ్రాకెట్ తప్పనిసరి. అసలు ఇంకో ఘోరమైన తప్పు, పెద్దదానికి 12 కలపడమే మరిచిపోయి 4య = 2(య + 12) అని రాయడం. మార్పు తర్వాతి వరుసను విడిగా రాసుకుంటే ఇది జరగదు:

ముందు: పెద్దది 4య, చిన్నది య
తర్వాత: పెద్దది 4య + 12, చిన్నది య + 12

ఈ రెండు వరుసలు రాయనిదే సమీకరణం జోలికి పోవద్దు.

ఒకదాని నుంచి తీసి మరోదానికి ఇస్తే మొత్తం మారదు. “పెద్దది చిన్నదానికి 5 రెట్లు. పెద్దదాని నుంచి 18 తీసి చిన్నదానికి కలిపితే పెద్దది చిన్నదానికి రెట్టింపు అవుతుంది.” 5య – 18 = 2(య + 18). 3య = 54, య = 18. సంఖ్యలు 90, 18. తర్వాత 72, 36. దీన్ని సమీకరణం లేకుండా కూడా చూడవచ్చు. మొత్తం మొదట 6 వాటాలు, తర్వాత అదే మొత్తం 3 వాటాలు. కొత్త వాటా పాతదానికి రెట్టింపు. చిన్నది ఒక పాత వాటా నుంచి ఒక కొత్త వాటాకు, అంటే రెండు పాత వాటాలకు పెరిగింది. పెరిగినది 18, అది ఒక పాత వాటా. ఈ చూపు అలవడినవాళ్లు ఇలాంటి లెక్కలు నోటితోనే చెప్పేస్తారు. ఈ రకంలో తరచూ పడే పొరపాటు, ఒకవైపు 18 తీసి రెండోవైపు కలపకపోవడం.

ఒకటే మారితే రెండోది స్థిరంగా ఉంటుంది. “పెద్దది చిన్నదానికి 6 రెట్లు. చిన్నదానికి మాత్రం 14 కలిపితే పెద్దది దానికి రెట్టింపు అవుతుంది.” 6య = 2(య + 14), 4య = 28, య = 7. సంఖ్యలు 42, 7. తర్వాత 42, 21.

భాగఫలం, అంకెలు, గుణిజాలు

“పెద్దదాన్ని చిన్నదానితో భాగిస్తే భాగఫలం 5, శేషం 8. తేడా 100.” భాగహారం అనగానే భిన్నం రాయకండి. విభాజ్యం = భాజకం × భాగఫలం + శేషం. పెద్దది 5య + 8, తేడా 4య + 8 = 100, య = 23, పెద్దది 123. చివర్లో శేషం భాజకం కంటే చిన్నదో కాదో చూడాలి, 8 కంటే 23 పెద్దదే. ఇదే లెక్కలో తేడాకు బదులు మొత్తం 32 అని ఇస్తే 6య + 8 = 32, య = 4 వస్తుంది. 4తో భాగిస్తే శేషం 8 మిగలడం అసాధ్యం. సమీకరణానికి జవాబుంది గానీ లెక్కకు లేదు.

రెండంకెల సంఖ్యల్లో స్థానం విలువ మరవకూడదు. “పదుల అంకె ఒకట్ల అంకెకు 2 రెట్లు. అంకెలు తిప్పి రాస్తే 27 తగ్గుతుంది.” ఒకట్ల అంకె య, పదుల అంకె 2య. సంఖ్య 10 × 2య + య = 21య. తిప్పితే 10య + 2య = 12య. 9య = 27, య = 3. సంఖ్య 63. సంఖ్యను 2య + య అని రాసేది స్థానం విలువ మరిచినవాళ్లు, అది అంకెల మొత్తం. పదుల అంకె 2 రెట్లన్న షరతుకు సరిపడే సంఖ్యలు 21, 42, 63, 84 నాలుగే కాబట్టి, తొందరలో ఉంటే నాలుగింటినీ చూసేయడమే మేలు.

వరుస గుణిజాలు బేసి లెక్కలో ఉంటే మధ్యదాన్ని పట్టుకోండి. 7కు వరుస గుణిజాలు మూడు, మొత్తం 252 అంటే మధ్యది 252లో మూడో వంతు, 84. మిగతావి 77, 91. మొత్తం 250 అని ఇస్తే అలాంటి గుణిజాలు లేవు, ఎందుకంటే ఆ మొత్తం 21తో తెగాలి. నాలుగు గుణిజాలైతే మధ్యది ఉండదు, మొదటిదాన్నే పట్టాలి. 6కు వరుస గుణిజాలు నాలుగు, మొత్తం 132 అంటే య, య + 6, య + 12, య + 18. 4య + 36 = 132, య = 24. జవాబు 24, 30, 36, 42. వరుస గుణిజాలను య, 2య, 3య అని రాయడం ఇక్కడి మామూలు తప్పు. వాటి మధ్య దూరం 6, రెట్లు కాదు.

సమీకరణం లేకుండా

తెలియని సంఖ్య లెక్కలో ఒక్కసారే వస్తే వెనక్కి నడవడం చాలు. “ఒక సంఖ్యను 3 రెట్లు చేసి, 8 కలిపి, సగం చేస్తే 25.” సగానికి ముందు 50, 8 కలపకముందు 42, 3 రెట్లకు ముందు 14. తెలియనిది రెండు చోట్ల వస్తే ఈ దారి మూసుకుపోతుంది.

మరో పాత పద్ధతి ఉంది. ఏదో ఒక సంఖ్య ఊహించుకుని, వచ్చిన ఫలితాన్ని బట్టి దాన్ని సరిచేయడం. భాస్కరాచార్యుడు దీన్ని ‘ఇష్టకర్మ’ అన్నాడు. అంతకు రెండు వేల ఏళ్లకు పైగా ముందే ఈజిప్టు లేఖకులూ ఇలాగే చేశారు. వాళ్ల లెక్క ఒకటి: ఒక రాశి, దానిలో ఏడో వంతు కలిపితే 19. 7 అనుకోండి, ఏడో వంతు తేలిగ్గా తెగుతుందని. 7 + 1 = 8. కావలసింది 19, కాబట్టి 7ను 19తో గుణించి 8తో భాగించాలి: 133ను 8తో భాగిస్తే 16.625. ఈ పద్ధతి రెట్లు, వంతులు మాత్రమే ఉన్న లెక్కల్లోనే పనిచేస్తుంది. “7 ఎక్కువ” లాంటి విడి సంఖ్య ఉంటే ఊహను రెట్టింపు చేసినా ఫలితం రెట్టింపు కాదు. ముందు ఆ విడి సంఖ్యను మొత్తం నుంచి తీసేసి తర్వాత ఊహించాలి.

జవాబు వింతగా వస్తే

“ఒక సంఖ్యకు 3 రెట్ల నుంచి 40 తీసేస్తే, ఆ సంఖ్యకు 7 రెట్లు వస్తుంది.” 3య – 40 = 7య, య = –10. రుణ సంఖ్య వచ్చిందని కొట్టేయకండి. –30 – 40 = –70, అది –10కి 7 రెట్లు. సంఖ్య అన్నారు కాబట్టి ఇది జవాబే. వయసో, వస్తువుల లెక్కో అయితే కాదు.

ఒక సంఖ్యకు 3 రెట్ల కంటే 4 ఎక్కువ, దానికే 3 రెట్ల కంటే 9 ఎక్కువ సమానమంటే, 3య రెండు వైపులా పోయి 4 = 9 మిగులుతుంది. అలాంటి సంఖ్య లేదని రాయాలి. ముందు మాత్రం లెక్కను ఇంకోసారి చదవండి. ఆధారం వేరు వేరుగా ఉందేమో, ఒక ‘కి’ మొదటిదానికి, రెండో ‘కి’ రెండోదానికి అంటుకుందేమో చూడండి.

చివరిగా, అడిగింది ఏమిటో మళ్లీ చదివాకే జవాబు రాయండి. య దొరకగానే పెన్ను పక్కన పెట్టడం అలవాటైపోతుంది. పెద్ద సంఖ్య అడిగి ఉంటే 17 కాదు, 68 రాయాలి. తేడా అడిగితే 51.